కుడికాలు తిరిగొచ్చిన తొవ్వ

ముందే చెప్పేస్తున్నాను, నా కుడికాలు నాకు తిరిగొచ్చింది. పూర్తిగా కాదు. మెట్లు దిగేటప్పుడు ఇంకా కాస్త సతాయిస్తుంది, చలికాలం పొద్దున్నే అలుగుతుంది. అయినా వచ్చింది. చివరి సంగతి మొదట్లోనే చెప్పేస్తే చదివేవాళ్ళకు మజా ఉండదని మా బావమరిది అంటాడు. ఉండకపోతే పోనీ. ఏ ఆసుపత్రి వరండాలోనో కూర్చుని, లోపలున్న మనిషి కోసం ఎదురుచూస్తూ ఇది చదివేవాళ్ళుంటే వాళ్ళను చివరిదాకా భయపెట్టడం నాకిష్టం లేదు.

నా పేరు రాజేశం. మాది కోరుట్ల. మా నాన్న తాటిచెట్లెక్కి కల్లు గీసేవాడు. నాకు చెట్టు మొదట్లో నిలబడి పైకి చూస్తేనే కళ్ళు తిరిగేవి. అందుకని నేలమీద ఉండే పని చూసుకున్నాను, ప్యాసింజర్ జీపు తోలాను. కోరుట్ల నుంచి చుట్టుపక్కల ఊళ్ళకు, జగిత్యాలకు, మల్యాలకు. ఆ పనిలో ఒకటే సూత్రం, స్టేజీ దగ్గరికి బస్సు కన్నా ముందు చేరాలి. బస్సు ముందొస్తే జనమంతా అందులో ఎక్కేస్తారు, మనకు దుమ్ము మిగులుతుంది. నేను రేసింగు నేర్చుకున్న బడి అదే. దుబాయి నుంచి సెలవు మీద వచ్చిన ఒకాయన ఓరోజు నా జీపెక్కాడు. దిగి, వాంతి చేసుకుని, నోరు కడుక్కుని, "నిన్ను ర్యాలీకి తీస్కపోత తమ్మీ" అన్నాడు. అన్నట్టే తీసుకుపోయాడు.

ర్యాలీ అంటే తెలియనివాళ్ళకు రెండు ముక్కలు. కొండల్లో, మట్టిదారుల్లో ఒక్కొక్క కారును విడిగా వదులుతారు. ఎవరు తొందరగా చేరితే వాళ్ళు గెలిచినట్టు. కారులో ఇద్దరుంటారు. ఒకరు తోలాలి, పక్క మనిషి రాబోయే మలుపు చెప్పాలి. నా పక్క మనిషి ఖలీల్. కోరుట్లలో బండ్లకు కరెంటు పని చేసే దుకాణం ఆయనది. రేసుకు ముందు ఆ దారిలో మెల్లగా తిరిగి మలుపులు రాసుకునేవాళ్ళం. రేసులో ఆయన తలెత్తకుండా చదివేవాడు. మాకు మా భాష ఉండేది. కాస్త వంపు ఉంటే 'మెత్త'. బ్రేకు తొక్కక తప్పకపోతే 'గట్టి'. ఎత్తెక్కాక అవతల ఏముందో కనపడకపోతే 'మిట్ట'. చెప్పేవాడు ఇప్పుడున్న మలుపు కాదు, తర్వాత వచ్చేది చెప్పాలి. తోలేవాడు మళ్ళీ అడగకూడదు. నమ్మాలి, అంతే.

ఆ నమ్మకం మీదే కోయంబత్తూరు వైపు, చిక్కమగళూరు కాఫీ తోటల్లో, నాసిక్ ఎర్రమట్టిలో కారు ఎగిరించాం. దక్షిణాది చాంపియన్ అయిన ఏడు నన్ను కోరుట్ల బస్టాండు నుంచి ఇంటిదాకా డప్పులు కొట్టుకుంటూ తీసుకొచ్చారు. పెళ్ళి ఊరేగింపనుకుని ఒక పెద్దాయన నన్నే అడిగాడు, "ఎవలది బిడ్డా పెండ్లి?" అని. కప్పు బాగా పెద్దది. మా ఆవిడ జమున దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి అందులో ఎల్లిగడ్డలు, అదే వెల్లుల్లి, పోసింది. గాలి బాగా ఆడుతుందట.

జమున పెళ్ళయిన కొత్తలో ఒక్కసారి నా కారెక్కింది. మెట్‌పల్లి చేరకముందే ఆపించి, దిగి, బస్సులో ఇంటికొచ్చింది. అప్పటినుంచి ఆమె ప్రయాణం ఆమెది, నా ప్రయాణం నాది. రేసున్న రోజు ఫోను ఒళ్ళో పెట్టుకుని, అన్నం కూడా తినకుండా కూర్చునేదట. ఆ సంగతి నాకు ఆసుపత్రిలో గానీ తెలియలేదు.

*వానాకాలం చివర*

సకల జనుల సమ్మె మొదలు కాబోతున్న ఏడు. నాసిక్ రేసుకు కారు సిద్ధం చేసుకుంటున్నాం. ఎక్సలేటరు తేడాగా ఉందనిపించింది. తొక్కుతున్నానో లేదో తెలియడం లేదు. ఖలీల్‌కు చెప్పాను. ఆయన విప్పి చూశాడు, స్ప్రింగు మార్చాడు. తేడా పోలేదు. కేబులు మార్చాం. పోలేదు. ఇంకా మందపాటి కేబులు తెప్పించి వేశాం. అయినా పోకపోతే బూట్ల అడుగు మందంగా ఉందని కొత్త బూట్లు కొన్నాను. కారులో తప్పు లేకపోతే బూట్లలో ఉండాలి కదా! మా ఇద్దరికీ కాలు మాత్రం గుర్తుకురాలేదు. మా లెక్కలో ఏ రోగమైనా ముందు బండికే వస్తుంది.

ఓ సాయంత్రం బజారు నుంచి ఇంటికొచ్చాను. జమున గడపలో కూర్చుని చిక్కుడుకాయలు తుంచుతోంది. నా కాళ్ళ వైపు చూసింది.

"ఇంకో చెప్పేది?"

కిందికి చూశాను. ఎడమకాలికే చెప్పుంది. కుడిది ఎక్కడ జారిపోయిందో! కంకర మీద నడిచొచ్చాను, మడమ దగ్గర రక్తం. నాకేమీ తెలియదు. జమున చిక్కుడుకాయలు పక్కన పెట్టి, పైటకున్న పిన్నీసు తీసి నా బొటనవేలికి గుచ్చింది.

"నొస్తున్నదా?"

"గుచ్చినవా?"

ఆమె మొహం పాలిపోయింది. "కారుకేం గాలె. రోగం నీ కాలుకచ్చింది" అంది.

ఇది చదివేవాళ్ళకు ఒక్క మాట. కాళ్ళు తిమ్మిరెక్కి, చెప్పు జారినా తెలియకుండా పోతే కారు విప్పకండి. డాక్టరు దగ్గరికి పోండి.

*సమ్మె రోజులు*

కుడికాలి వెనకే ఎడమకాలు పోయింది. ఒక పొద్దున మంచం మీద నుంచి లేవలేకపోయాను. జగిత్యాల తీసుకుపోయారు. అక్కడి డాక్టరు మోకాళ్ళ మీద చిన్న సుత్తితో కొట్టి చూశాడు. కాళ్ళు ఉలకలేదు, పలకలేదు. మనల్ని కాపాడాల్సిన శక్తే పొరపాటున మన నరాల మీద పడుతుందని, అది కింది నుంచి పైకి ఎక్కుతుందని చెప్పాడు. ఊపిరి దాకా ఎక్కకముందే హైదరాబాదు చేరాలన్నాడు. ఆ రోజే.

బస్సులన్నీ డిపోల్లో నిద్రపోతున్నాయి. అంబులెన్సుకు ఫోన్ల మీద ఫోన్లు చేస్తే వేరేవాళ్ళను తీసుకుపోయిందన్నారు. ఖలీల్ గొంతు సవరించుకుని, "నేను తోల్త" అన్నాడు.

అంత భయంలోనూ నాకు నవ్వొచ్చింది. ఇన్నేళ్ళు నా పక్కన కూర్చుని నన్ను కొండలమీద పరిగెత్తించిన మనిషి, తాను తోలితే మాత్రం పక్కన నడిచిపోయేవాళ్ళు పలకరించి ముందుకు పోతారు. మా ర్యాలీ కారు కాదు, ఆయన దుకాణం వ్యాను తీశాడు. వెనక సీట్లో నన్ను పడుకోబెట్టారు. నా తల జమున ఒళ్ళో. కరీంనగర్ రోడ్డంతా ఆగిపోయిందని తెలిసి, మల్యాల దాకా పోయి అక్కణ్ణుంచి కొడిమ్యాల మీదుగా వేములవాడ, సిరిసిల్ల దారి పట్టమన్నాను. జీపు తోలిన దారులవి. నాకు ఆకాశమూ కరెంటు తీగలూ తప్ప ఏమీ కనపడడం లేదు. అయినా వ్యాను ఊగుడును బట్టి ఎక్కడున్నామో తెలుస్తోంది.

"ముందల కుడి గట్టి. ఎనకనే మిట్ట" అన్నాను.

"అరె, నా నౌకరి నువ్వు చేస్తున్నవా!" అన్నాడు ఖలీల్. తల తిప్పకుండానే అన్నాడు, పాపం రెండు చేతులూ స్టీరింగుకు అతుక్కుపోయి ఉన్నాయి.

మల్యాల స్టేజీ దగ్గర వంటావార్పు. ఆ రోజుల్లో రోడ్డు ఆపడానికి మావాళ్ళకు దొరికిన ఉపాయం అది. రోడ్డు మధ్యలో రాళ్ళ పొయ్యిలు పెట్టి, అక్కడే వండుకుని, అక్కడే తినడం. అన్నం ఉడుకుతున్న పొయ్యిని ఎవరు మాత్రం తీయగలరు? పెద్ద పెద్ద వంట గంజులు, పొగ, డప్పులు, పాటలు. వ్యాను ఆగగానే ఓ ముసలమ్మ గరిటె పట్టుకుని వచ్చి కిటికీలోంచి తొంగిచూసింది. బుచ్చవ్వ. కూరగాయల గంపతో ఎన్నిసార్లు నా జీపెక్కిందో లెక్కలేదు.

"ఓ... గీయన జీపు రాజేశం గాదే! ఏమైంది కొడుకా?"

నా బదులు జమున చెప్పింది. "కాళ్ళు పడిపోయినయ్ అవ్వా. ఊపిరిదాంక పోకముందే హైదరాబాద్ చేరాల్నట."

బుచ్చవ్వ వెనక్కి తిరిగి ఒక్క కేక వేసింది. నలుగురు ఆడవాళ్ళు కొంగులు అడ్డం పెట్టుకుని ఉడికే గంజును అలాగే ఎత్తి పక్కకు జరిపారు. కట్టెలు ఇంకొకరు లాగారు. రెండు పొయ్యిల మధ్య వ్యాను పట్టేంత సందు దొరికింది. ఇక ఊరు ఊరంతా మలుపులు చెప్పడం మొదలుపెట్టింది.

"రానీ, రానీ... ఎడమకు కొట్టు... ఎడమంటే గటు గాదు!"

"కుడికి జరుగు! అన్నం, అన్నం!"

ఖలీల్‌కు చెమటలు పట్టాయి. "భాయ్, ఎవరి మాట వినాలె?" అన్నాడు.

"అవ్వ మాటొక్కటే ఇను" అన్నాను.

బుచ్చవ్వ గరిటె ఊపుకుంటూ వ్యాను ముందు వెనక్కి వెనక్కి నడిచింది. అన్నం ఆవిరి కిటికీలోంచి నా మొహాన కొట్టింది. పొయ్యిలు దాటాక ఆమె మళ్ళీ ఆపమంది. తన స్టీలు గిన్నెలో అన్నం, పప్పు వేసి, పైన మోదుగాకు కప్పి జమున చేతిలో పెట్టింది. "తొవ్వల తినుండ్రి బిడ్డా. జై తెలంగాణ అనుండ్రి, పోండ్రి" అంది.

నేను అన్నది వ్యాను దాటలేదు. అప్పుడు జమున కిటికీలోంచి తల బయటపెట్టి "జై తెలంగాణ!" అని అరిచింది. మా పెళ్ళయినప్పటినుంచి ఆమె గొంతు అంత పైకి లేవడం నేను వినలేదు. రోడ్డంతా ఒక్కసారి బదులు పలికింది. నా ఒళ్ళు జలదరించింది, నడుము పైనున్న ఒళ్ళు మాత్రమే.

*బతుకమ్మ నాళ్ళు*

హైదరాబాదులో నా మంచం పక్కన ఊపిరి మిషను ఒకటి సిద్ధంగా నిలబెట్టారు. పొద్దున్నే డాక్టరమ్మ వచ్చి, ఒక్క గుక్కలో ఎంతదాకా లెక్కపెట్టగలవో పెట్టు అనేది. రోజురోజుకూ లెక్క తగ్గుతోంది. మిషను వైపు చూడకూడదనుకుంటూనే చూసేవాణ్ణి. కారు పల్టీ కొట్టినప్పుడు భయం ఉండదు, పని ఉంటుంది. పడుకుని ఎదురుచూడడమే భయం. నిజంగా భయపడ్డాను.

బయట వరండాలో జమున, ఖలీల్. వాళ్ళ పక్కన గుంటూరు వైపు నుంచి కొడుకును తీసుకొచ్చిన ఒకావిడ. టీవీలో వార్తలు వచ్చినప్పుడల్లా జమునకూ ఆమెకూ వాదన. రాష్ట్రం ఇవ్వాలని ఈమె, ఎందుకివ్వాలని ఆమె. వార్తలు అయిపోగానే ఇద్దరూ ఒకే చాప మీద కూర్చుని ఆమె గోంగూర పచ్చడి కలుపుకుని తినేవాళ్ళు. "ఆమె మాట వట్టిది గానీ పచ్చడి మాత్రం మస్తుంటది" అంది జమున నాతో.

ఆ వరండాలోనే జమున ఓ మధ్యాహ్నం ఖలీల్ మీద విరుచుకుపడింది. ఇన్నేళ్ళు రేసులంటూ తన మొగుణ్ణి తిప్పావనీ, ఫోను మోగితే గుండె జారేదనీ, మోగకపోయినా జారేదనీ. ఖలీల్ లేచాడు. పోయి ఇద్దరికీ చాయ్ తెచ్చాడు. ఆమె ఏడుస్తూనే తాగిందట. ఇది ఖలీలే నాకు చెప్పాడు.

ఒక పొద్దున నా లెక్క తగ్గలేదు. మర్నాడు ఒక అంకె పెరిగింది. డాక్టరమ్మ మిషనును గోడవైపు నెట్టించింది. ఆ రోజు సద్దుల బతుకమ్మ. గేటు బయట అమ్మే బంతిపూలు కొని, ఓ చిన్న పళ్ళెంలో జమున బతుకమ్మ పేర్చింది. గుంటూరావిడ పూలు తుంచి అందిస్తూ, "ఇదిగో, ఈ వరసలో పసుపుపచ్చవి పెట్టు, బాగుంటుంది" అని సలహాలిచ్చింది. వరండాలో చప్పట్లు వినపడితే నేను మంచం మీద నుంచే చేతులు కలిపాను. చేతులు బాగానే మోగాయి.

*సిరిసిల్లలో చలికాలం*

ఊపిరి నిలిచింది గానీ కాళ్ళు రాలేదు. రావచ్చు, రాకపోవచ్చు, ఓపిక పట్టాలన్నారు. సిరిసిల్లలో మా బావమరిది శ్రీనివాస్ ఇంట్లో దిగాం. గది పక్కనే సాంచల షెడ్డు. సాంచలంటే మరమగ్గాలు. పగలంతా ఒకటే చప్పుడు, గోడలు కూడా వణుకుతాయి. అందరూ నాకు నిద్ర పట్టదని బాధపడ్డారు. బతుకంతా ఇంజను మోతలో గడిపినవాణ్ణి, చంటిపిల్లాడిలా నిద్రపోయాను.

వీలు దొరికినప్పుడల్లా ఖలీల్ కోరుట్ల నుంచి వచ్చేవాడు. నా నడుముకు తువ్వాల చుట్టి, రెండు కొసలూ వెనక నుంచి పట్టుకుని నడిపించేవాడు. "మంచం నుంచి సీదా. గడప, మిట్ట. కుడి మెత్త. బాయికాడ ఎడమ గట్టి."

జమున వంటింట్లోంచి వచ్చింది. "ఇంట్ల గూడ రేసేనా? ఖలీలన్నా, నీ మలుపులు నీ దుకాన్ల చెప్పుకో. ఈయన ఇంక కారు ముట్టుడు లేదు."

"మలుపు చెప్పకుంటె ఈయన కాళ్ళ దిక్కు చూస్తడు వదినా" అన్నాడు ఖలీల్ మెల్లగా. "కాళ్ళ దిక్కు చూస్తె పడ్తడు."

జమున లోపలికి పోయింది. ఖలీల్ బస్సెక్కిన తర్వాత నన్ను బాత్రూముకు తీసుకుపోవడానికి ఆమే తువ్వాల పట్టుకుంది. నాలుగడుగులు ఊరికే నడిచాం. తర్వాత నా వీపు వెనక నుంచి గొణిగినట్టు వినిపించింది, "గడప. మిట్ట." నేను తలెత్తి గడప దాటాను.

ఎడమకాలు ముందు లేచింది. కుడిది మొండికేసింది. నాకు కావలసింది అదే. ఎక్సలేటరు మీద ఉండాల్సింది అదే. మధ్యాహ్నాలు కుర్చీలో కూర్చుని, ఒట్టి పాదాలు గచ్చు మీద ఆనించి, దానితో మాట్లాడేవాణ్ణి. బతిమాలాను, తిట్టాను, నాసిక్ తీసుకుపోతానన్నాను. ఉలుకు లేదు. ఇక రాదేమోనని ఆ కుర్చీలోనే ఓసారి ఏడ్చాను కూడా.

శివరాత్రి దగ్గరపడుతుండగా ఓ రోజు కుడి అరికాలిలో ఏదో జిమజిమలాడింది. మొదట తిమ్మిరి కూడా ఇలాగే మొదలైంది కదా! రోగం తిరగబెట్టిందనుకుని జమునను పిలిచాను. ఆమె వచ్చి పాదం పట్టుకునేసరికి జిమజిమ ఆగిపోయింది. ఇద్దరం బిక్కమొహాలేసుకుని కూర్చున్నాం. కాసేపటికి మళ్ళీ మొదలైంది.

"ఇగో, మళ్ళ అచ్చింది!" అన్నాను.

జమున తల పక్కకు తిప్పి విన్నది. తర్వాత అరచెయ్యి గచ్చు మీద ఆనించింది. "ఇందాక కరెంటు పోయింది" అంది నెమ్మదిగా. "ఇప్పుడు అచ్చింది. గవి సాంచలు."

షెడ్డులో మగ్గాలు ఆడుతుంటే గచ్చు వణుకుతుంది. ఇన్నాళ్ళూ వణుకుతూనే ఉంది. ఆ వణుకు నా కుడికాలికి తెలిసింది! జమున పైటకున్న పిన్నీసు తీసింది.

"ఏయ్, వద్దు..." అనేలోపే గుచ్చింది.

"అమ్మా!" అని అరిచాను. ఆ అరుపుకు షెడ్డులోంచి శ్రీనివాస్ పరిగెత్తుకొచ్చాడు. వచ్చి చూస్తే అక్కాబావలిద్దరూ గచ్చు మీద కూర్చుని పిచ్చివాళ్ళలా నవ్వుతున్నారు. ఆ రాత్రికి మాంసం తెచ్చాడు.

*మళ్ళీ వానలు*

రేసు సంగతి అడుగుతారు కాబట్టి ఇక్కడే చెప్పేస్తాను. రాష్ట్రం వచ్చిన ఏడు ఖలీలూ నేనూ ఒక్క ర్యాలీకి పోయాం. అందరికన్నా ఆఖరున చేరాం, అందరికన్నా ఎక్కువ చప్పట్లు మాకే కొట్టారు. ఇంకో కప్పు రాలేదు. ఎల్లిగడ్డలకు ఒక్కటి చాలంది జమున. కానీ నాకు లెక్కకొచ్చే రేసు అంతకుముందే, సిరిసిల్ల నుంచి బయల్దేరిన రోజున అయిపోయింది.

జగిత్యాల డాక్టరుకు చూపించుకుని కోరుట్ల పోవాలి. ఖలీల్ మా ర్యాలీ కారుకు వెనక సీటు మళ్ళీ బిగించి తెచ్చాడు. జమున ముందురోజే గరిజెలు, అదే కజ్జికాయలు, చేసి, బుచ్చవ్వ స్టీలు గిన్నెను తళతళలాడేట్టు తోమి, నిండా పోసింది. ఒకరి గిన్నె ఉత్తది వాపసివ్వకూడదు కదా. మల్యాల మీదుగా పోవాలని తీర్మానించింది. ఖలీల్ స్టీరింగు ముందు కూర్చున్నాడు. జమున ఆ తలుపు తీసి పట్టుకుంది.

"ఖలీలన్నా, నువ్వు ఎనక కూసో."

"మరి తోలేదెవరు వదినా?"

"ఈయన. నేను పక్కన కూసుండి చెప్త."

ఖలీల్ నా వైపు చూశాడు. నేను ఆయన వైపు చూశాను. ఇద్దరం ఎవరి సీట్లో వాళ్ళం కూర్చున్నాం. ఎక్సలేటరుకు మేం వేసిన మందపాటి కేబులు ఇంకా అలాగే ఉంది, బండలా బిగుసుకుని. మెల్లగా తోలాను, ఖలీల్ తోలినంత మెల్లగా. జమున ముందుకు వంగి, రెండు చేతులతో గిన్నె పట్టుకుని మొదలుపెట్టింది.

"ఎడమ గట్టి!"

"తిరిగినం వదినా" అన్నాడు వెనక నుంచి ఖలీల్. "తర్వాతది చెప్పాలె."

"తర్వాతది నాకేమెరుక? కండ్లకు కనవడ్డదే చెప్త. అగో, బర్రె! ఎడమకు బర్రె! మెత్త... గట్టి... ఆగు!"

బర్రె మా భాషలో లేదు. ఆ రోజు చేర్చుకున్నాం. వేములవాడ దాటేసరికి ఆమెకు ఒక మలుపు ముందు చెప్పడం పట్టుబడింది. మల్యాల స్టేజీ దగ్గర బుచ్చవ్వ కూరగాయల గంపతో బస్సు కోసం నిలబడి ఉంది. గిన్నె చూసి, గరిజెలు చూసి, నన్ను చూసింది. నేను దిగి నాలుగడుగులు నడిచి చూపించాను. ఆమె నా మోకాళ్ళు రెండూ తడిమి, "లేచినవు కొడుకా" అని కళ్ళు ఒత్తుకుంది. తర్వాత రోడ్డు వైపు చూసి, "బండి ఎవలు తోల్కచ్చిండ్రు?" అంది.

"నేనే అవ్వా."

"గయితె నన్ను జగిత్యాల్ల దించు." గంపతో సహా ఎక్కి ఖలీల్ పక్కన కూర్చుంది.

కొంతదూరం పోయామో లేదో వెనక నుంచి హారను. జగిత్యాల బస్సు. సమ్మె అయిపోయాక వాటికి మళ్ళీ ఊపొచ్చింది. ముందు స్టేజీ దగ్గర జనం గుంపుగా నిలబడి ఉన్నారు. నేను ఎవరినీ ఎక్కించుకునేది లేదు, తొందరేమీ లేదు. దారిద్దామని పక్కకు తీయబోయాను.

జమున అద్దంలోకి చూసింది. ముందున్న రోడ్డు వైపు చూసింది. మెట్‌పల్లి చేరకముందే నా కారు దిగిపోయిన మనిషి.

"సీదా. ఖాలీ. మెత్త గూడ లేదు" అంది. నేను ఇంకా ఆలోచిస్తున్నానని కాబోలు, నా వైపు తిరిగింది. "మనకన్న ముందు బస్సు పోతదా ఏంది?"

మళ్ళీ అడగలేదు. కుడికాలితో తొక్కాను. తొక్కుతున్నట్టు తెలిసింది.